నేల నోట ఖబర్

పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు తెలుగులో. నోరు జారొద్దని హెచ్చరించడానికి పుట్టిన సామెత. దీన్ని అక్షరాలా నమ్మిన మనిషి ఒకాయన వున్నాడు. లెక్కలు చేసే యంత్రాల కోసం జీవితమంతా ఖర్చుపెట్టిన ఇంగ్లీషు గణితవేత్త చార్లెస్ బాబేజ్. మనిషి పలికిన ఏ మాటా పూర్తిగా నశించదనీ, గాలిలో కదలికగా ఎప్పటికీ మిగిలే వుంటుందనీ, గాలే ఒక పెద్ద గ్రంథాలయమనీ 1837లో అచ్చయిన పుస్తకంలో వాదించాడు. ఊరికే కవిత్వం కోసం అన్నమాట కాదది. బానిసల్ని ఓడ మీంచి సముద్రంలోకి తోసేసిన నేరాన్ని ఉదాహరణగా తీసుకున్నాడు. సాక్షి లేడని హంతకుడు ధీమాగా వున్నచోట గాలీ నీళ్లూ సాక్ష్యాన్ని మోస్తూనే వుంటాయన్నాడు.

తర్వాత కథకులొచ్చారు. బాబేజ్ ఊహించిన దాన్ని వాళ్లు యంత్రాలుగా బిగించారు. 1960లో జె.జి. బాలార్డ్ రాసిన 'ది సౌండ్ స్వీప్' కథలో గోడల్లో ఇంకిపోయిన పాత శబ్దాల్ని ఒక పనివాడు మర పెట్టి ఊడ్చేస్తుంటాడు. ఎవరికీ వినబడని ఆ శబ్దాలు వినగలిగిన వాడు మూగవాడు. 1979లో గ్రెగరీ బెన్‌ఫర్డ్ రాసిన 'టైమ్ షార్డ్స్'లో వందల ఏళ్ల నాటి కుండ మీది గీతల్ని గ్రామఫోన్ రికార్డులా తిప్పి, కుమ్మరి చేస్తున్నప్పటి మాటలు వింటారు. తీరా వింటే అవి మామూలు ముచ్చట్లు.

శాస్త్రం ప్రకారం ఇదేదీ జరిగే పని కాదు. శబ్దమంటే గాలి కదలిక. కాసేపటికి అది వేడిగా మారి చుట్టూ వున్న వేడిలో కలిసిపోతుంది. తిరిగి పట్టుకోవడానికి ఏమీ మిగలదు. మిగలాలంటే ఆ క్షణాన ఎవరో దాన్ని గీసి వుండాలి. ఫ్రాన్సులో స్కాట్ ద మార్టిన్‌విల్ అనే అచ్చు పనివాడు 1860లో మసి పూసిన కాగితం మీద ఒక పాట తాలూకు కంపనాల్ని గీతలుగా పట్టాడు. చూడటానికే పట్టాడు గానీ వినే ఉపాయం ఆయన దగ్గర లేదు. 2008లో కంప్యూటరు సాయంతో ఆ గీతల్ని వినిపించారు. నూట నలభై ఎనిమిదేళ్ల తర్వాత గొంతు లేచింది. సంతోషమే. కానీ ఎవరి గొంతు ముందు ఆ మసికాగితం పట్టారన్నది అసలు ప్రశ్న.

మావాళ్ల ముందు ఎవరూ పట్టలేదు. గ్రియర్సన్ పెద్ద ఎత్తున భారతదేశ భాషల సర్వే చేయించినప్పుడు హైదరాబాద్ సంస్థానం ఆ సర్వేలోనే లేదు. జగిత్యాల ఖిల్లాను 1747లో ఇబ్రహీం ఖాన్ ధంసా కట్టించాడని అందరూ చెప్తారు. నక్షత్రం ఆకారంలో, ఐరోపా పద్ధతిలో కట్టిన కోట అని మురిసిపోతారు కూడా. రాళ్లు మోసినోళ్లు ఏ పాట పాడుకుంటూ మోశారో, ఏ భాషలో తిట్టుకున్నారో చెప్పేవాళ్లు లేరు. కాగితాలున్న వాళ్లకు పాత శబ్దాలు వినే యంత్రం ఒక సరదా. ఫర్మానాలు, వంశవృక్షాలు, తాళపత్రాలు, శాసనాలు లేని వాళ్లకు అది సరదా కాదు. దూదేకులోళ్లు, ఫకీర్లు, బీడీలు చుట్టే ఆడవాళ్లు, మస్కట్ పోయిన కూలీలు, వీళ్లకు చరిత్ర అంటూ వుంటే అది గాలిలోనే వుండాలి.

అందుకే ఆ యంత్రం వుందనే అనుకుందాం. తెచ్చి జగిత్యాలలో పెడదాం.

మాకిది మరీ కొత్త ఊహ కూడా కాదు. ఖురాన్‌లో 99వ సూరా పేరే జిల్‌జాల్. ఆఖరి రోజున భూమి కంపించిపోయి తన కడుపులోని బరువులన్నీ బయటపడేసి, తన మీద జరిగిన సంగతులన్నీ తానే చెప్తుందని అందులో వుంది. యాసీన్ సూరాలో నోళ్లు మూతపడి చేతులు మాట్లాడతాయి, కాళ్లు సాక్ష్యమిస్తాయి. ప్రతి మనిషి భుజాల మీద రాసుకునే ఫరిష్తాలు ఇద్దరున్నారని మా ఇళ్లల్లో పిల్లలకు మాటలొచ్చినప్పుడే చెప్తారు. 1998లో తెలుగు ముస్లిం కవుల సంకలనానికి 'జల్‌జలా' అని పేరు పెట్టుకున్నది ఊరికే కాదు. నేల నోరు తెరవాలన్న కోరిక అందులో వుంది.

ఇక్కడే ఒక చిక్కుంది. మా దక్కనీలో ఖాఫ్‌కూ ఖేకూ తేడా లేదు. లక్నో వాళ్లు గొంతు లోపల్నించి పలికే అక్షరాన్ని మేం 'ఖ' అనేస్తాం. అందుకని వార్తా ఖబరే, సమాధీ ఖబరే. "ఖబర్ ఆయీ" అన్నా "ఖబర్ ఖోదే" అన్నా చెవికి ఒకటే చప్పుడు. ఊరూ ఇల్లూ తెలిసినవాళ్లకు ఏది వచ్చిందో, ఏది తవ్వారో ఎవరూ విప్పి చెప్పక్కర్లేదు. యంత్రం చప్పుడు పడుతుంది. అది వార్తో గోరీయో తేల్చేవాడు మాలో ఒకడు గాకుంటే ఏం రాసుకుంటాడు? మా ఉర్దూను 'కల్తీ ఉర్దూ' అని నవ్వేవాళ్లూ, మా తెలుగును 'సాయిబుల తెలుగు' అని నవ్వేవాళ్లూ ఇద్దరూ మమ్మల్ని వింటూనే వున్నారు గదా ఇన్నేళ్లూ.

సరే, యంత్రం ముల్లు తిప్పితే అందరి చెయ్యీ మొదట పోయేది ఒకే సంవత్సరం మీదికి. 1948.

అప్పటి రజాకార్ల కేకలు వినిపించమంటారు. వినిపించాల్సిందే. మేం అడ్డుపడం. ఊళ్లు తగలబెట్టిన వాళ్ల గొంతులు, ఆడవాళ్ల ఏడుపులు, ఏ ఒక్కటీ తగ్గించకుండా వినాలి. ఆ ఏడాది ఆగస్టు 22న హైదరాబాదులో రజాకార్లు చంపేసిన 'ఇమ్రోజ్' పత్రిక సంపాదకుడు షోయబుల్లాఖాన్ గొంతు కూడా అదే ముల్లు మీద వుంది. అంతకు ముందు 1940లో, విసునూరు దేశ్‌ముఖ్ భూమి మీద కోర్టుకెక్కి గెలిచినందుకు ప్రాణం పోగొట్టుకున్న కామారెడ్డిగూడెం షేక్ బందగీ గొంతూ వుంది. ఆ రెండు గొంతులూ ముస్లిం గొంతులేనని తెలిశాక కూడా 'రజాకార్' అనే మాట మా పిల్లల వీపుకు ఎట్లా అతుక్కుంటుందో అడగాలి.

ముల్లు కొంచెం ముందుకు జరిపితే సెప్టెంబర్ 13. సైన్యం వచ్చింది. అయిదు రోజుల్లో రాజ్యం పోయింది. నిజాంకు ఏమీ కాలేదు. ఆయన రాజప్రముఖ్ అయ్యాడు. మిగిలిన వాళ్లకు ఏమైందో చూసి రమ్మని నెహ్రూ ప్రభుత్వమే పండిట్ సుందర్‌లాల్, ఖాజీ అబ్దుల్ గఫార్‌లను పంపింది. వాళ్లు జిల్లాలు తిరిగారు. బతికినవాళ్లను కూర్చోబెట్టుకొని విన్నారు. పోలీసు చర్య సమయంలో, ఆ తర్వాతా ఇరవై ఏడు వేల నుంచి నలభై వేల మంది దాకా చనిపోయి వుంటారని లెక్క రాశారు. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాలు అన్నిటికంటే ఎక్కువ దెబ్బతిన్నాయన్నారు. ఆ నివేదికను ప్రభుత్వం బయటపెట్టలేదు. మధ్యలో కొన్ని భాగాలు బయటికొచ్చినా, ఢిల్లీలోని నెహ్రూ మెమోరియల్ లైబ్రరీలో జనం పూర్తిగా చదివే వీలు 2013లో కలిగింది.

అరవై అయిదేళ్లు అది పెట్టెలో వుంది. అంటే పాత శబ్దాలు వినే యంత్రం 1948లోనే ఈ దేశం దగ్గరుంది. ఇద్దరు పెద్దమనుషులు, ఒక కాగితం, ఒక కలం. విన్నారు, రాశారు, అప్పజెప్పారు. వినేవాళ్లకు చెవులు లేవు.

అందుకే మాకీ యంత్రం మీద ఒక కోపం కూడా వుంది. యంత్రం గావాలె అనడంలోనే మనిషి మాట చాలదని ఒప్పుకోవడం వుంది. మా దాదీ చెప్తే అది కట్టుకథ, యంత్రం చెప్తే చరిత్ర. బావిలో దూకిన వాళ్ల గురించి, పేర్లు మార్చుకొని బతికిన వాళ్ల గురించి మా ముసలోళ్లు చెప్పినప్పుడు 'ఆధారాలేవి' అని అడిగిన మేధావులు, అదే చప్పుడు ఒక డబ్బాలోంచి వస్తే తలూపుతారా? అట్లా తలూపే వాళ్ల మీద మాకెందుకు నమ్మకం వుండాలి? సాక్షిని నమ్మనివాడు సాక్ష్యాన్ని మాత్రం ఎంతకాలం నమ్ముతాడు? డబ్బాను కూడా కల్తీ చేశారంటాడు.

ఇంకో భయముంది. యంత్రం ఎవరి చేతిలో వుంటుంది?

జగిత్యాల వాళ్లకు ఈ ప్రశ్న ముస్లింలు చెప్పక్కర్లేదు. 1978 సెప్టెంబర్‌లో రైతుకూలీలు వేలకు వేలుగా కదిలిన జైత్రయాత్ర అక్కడే జరిగింది. దొరల గడీల ముందు నోరెత్తని వాళ్లు నడిబజారులో నినాదమిచ్చిన రోజు అది. నెలన్నర తిరక్కుండా, అక్టోబర్ 20న, సిరిసిల్ల, జగిత్యాల తాలూకాలను కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించారు. ఆ నినాదాన్ని అందరికంటే శ్రద్ధగా విన్నది పోలీసులే. ఎవడు ముందు అరిచాడు, ఎవడు అందుకున్నాడు, ఎవని ఇంట్లో రాత్రి ఎవరు మాట్లాడారు. 2007 మే 18న మక్కా మసీదులో బాంబు పేలాక హైదరాబాదులో ముస్లిం పిల్లల్ని పట్టుకుపోయి చిత్రహింసలు పెట్టారు. వాళ్లు నిర్దోషులుగా బయటికొచ్చే దాకా వాళ్లు ఎవరితో ఏం మాట్లాడారన్నదే ప్రశ్న. గోడల్లోంచి మాటలు పీల్చే యంత్రం వస్తే మొట్టమొదట కొనేది విశ్వవిద్యాలయాల చరిత్ర శాఖలనుకోవడం అమాయకత్వం.

ఖురాన్ ఈ విషయంలోనూ ఊరుకోలేదు. 49వ సూరా హుజురాత్‌లో ఒకరి గుట్టు ఒకరు కూపీ లాగొద్దని స్పష్టంగా నిషేధించింది. తజస్సుస్ అంటారు. చాటున వినడం, తవ్వడం, ఆరా తీయడం. చచ్చిపోయిన వాళ్లకు ఆ రక్షణ లేదా? మొగుడు పెళ్లాన్ని కొట్టిన రాత్రి, అత్త కోడల్ని సాధించిన పగలు, అప్పులవాడి ముందు తండ్రి ఏడ్చిన ఏడుపు, వాళ్లు మనకు వినిపించాలనుకున్నవి కావు. ఒక సూరాలో నేల అంతా చెప్పేస్తానంటుంది. ఇంకో సూరాలో చాటుగా వినొద్దంటుంది. రెండూ ఒకే గ్రంథంలో వున్నాయి. మేం చాలాసార్లు ఈ రెంటి మధ్యా కొట్టుకున్నాం. మాకు తోచిందిది. నేల మాట్లాడే రోజున వినేవాళ్లు వేరు, బోనులో వున్నవాళ్లు వేరు కాదు. అందరి ఖబరూ ఒకేసారి లేస్తుంది. రాజుదీ, తలారిదీ, మౌల్వీదీ. ఎవడూ చెవి ఒక్కటి పెట్టుకొని కుర్చీలో కూర్చునే వీలుండదు. యంత్రం అట్లా కాదు. ఒకడు వింటాడు, ఇంకొకడు వినబడతాడు. వినబడే వంతు ఎప్పుడూ ఒకరిదే అయినప్పుడు ఆ వినడాన్ని నిఘా అనాలి.

కోరుట్లకు పోదాం. అక్కడ నిజమైన యంత్రమే వుండేది.

ఎనభైల్లో, తొంభైల్లో దుబాయి, మస్కట్, సౌదీ పోయినవాళ్లు సెలవు మీద వచ్చేటప్పుడు భుజానికి తగిలించుకొని తెచ్చే టేపురికార్డర్. చదువు రానివాళ్లకు జాబు రాయడం కష్టం, రాసినా ఇంట్లో చదివిపెట్టడానికి ఇంకొకళ్లు కావాలి. ఫోను చేయాలంటే నిమిషానికి కూలి డబ్బులు కరిగిపోతాయి. అందుకని క్యాంపులో రాత్రిపూట కూర్చొని క్యాసెట్‌లో మాట్లాడి, ఊరికి వచ్చేవాళ్ల చేత పంపేవాళ్లు. అది ఇల్లు చేరేసరికి నెలో, రెండు నెలలో. ఆ మాటన్నప్పుడు వున్న జ్వరం తగ్గిపోయి వుంటుంది. కొత్త జ్వరం వచ్చి వుంటుంది. అంటే ఆ ఇంట్లో వాళ్లు వింటున్నది గతకాలపు శబ్దమే.

ఇల్లంతా చాప మీద కూర్చునేది. పక్కింటి పద్మశాలి ఆడవాళ్లు తునికాకు కత్తిరిస్తున్న కత్తెరలు ఆపి వచ్చి కూర్చునేవాళ్లు, వాళ్ల కొడుకు కూడా అదే క్యాంపులో వుంటాడు కాబట్టి. కోరుట్లలో బీడీలకూ దుబాయికీ మతం లేదు. "అమ్మీ, ఖానా ఖాయే?" అని డబ్బాలోంచి అడిగితే తల్లి "హౌ బేటా, ఖాయీ" అని డబ్బాకే జవాబిచ్చేది. ఎవరూ నవ్వేవాళ్లు కాదు. పెళ్లాం మాత్రం తలుపు చాటున నిలబడేది. తనకోసం అన్న మాట ఒకటీ అరా వుంటే అది అత్తమామల ముందు, ఆడబిడ్డల ముందు, అందరి మధ్యలోంచి తోవ చేసుకొని ఆమె దాకా పోవాలి. అందరి ముందు వినబడుతుందని తెలిసినవాడు ఆ మాటను ఎంత చిన్నగా చేసి పంపుతాడో ఊహించుకోండి.

ఆ క్యాసెట్లు ఎక్కడున్నాయని అడుగుతారు పరిశోధకులు. లేవు. కొత్త క్యాసెట్ కొనడం దండుగ. కొడుకు గొంతు మీదనే తల్లి జవాబు నింపేవాళ్లు. తల్లి గొంతు మీద మళ్లీ కొడుకు. 1990 ఆగస్టులో కువైట్ మీద ఇరాక్ పడ్డప్పుడు అక్కడున్నవాళ్ల మాట ఆగిపోయిన ఇళ్లల్లో, ఆఖరిసారి వచ్చిన మాటను చెరిపేసి జవాబు నింపి పెట్టుకొని, పంపే మనిషి లేక చేతిలో పట్టుకొని కూర్చున్న తల్లుల స్థితి ఏమిటి? దాచుకోవాలంటే జవాబివ్వకూడదు. జవాబివ్వాలంటే చెరిపెయ్యాలి. మా వాళ్లు జవాబివ్వడాన్నే ఎంచుకున్నారు. అందుకే మాకు ఆర్కైవు లేదు. అది లేకపోవడాన్ని వెనుకబాటుతనమని అనేవాళ్లతో మాకు పేచీ వుంది.

ఇక మాలోపలి చెవిటితనం గురించి కూడా చెప్పాలి. మొహర్రం నెలలో మా పల్లెల్లో పీరీలు లేస్తే హసన్ హుసేన్లు ఆశన్న ఊశన్నలయ్యేవాళ్లు. తెలుగు నాలుక అరబ్బు పేర్లను తన అన్నదమ్ముల్లా పిలుచుకున్న చప్పుడది. అలావా చుట్టూ డప్పు కొట్టింది మాదిగలు, పీరీని ఎత్తింది గౌడ్లో ముదిరాజులో. దాన్ని షిర్క్ అనీ, జాహిల్ల పండుగ అనీ మా పెద్దమనుషులే చాలాచోట్ల ఆపించారు. ఈ పెద్దమనుషులకు యంత్రమిస్తే ముల్లు నేరుగా అరేబియా మీదికి తిప్పుతారు. మధ్యలో వున్న దూరమూ, ఆరేడు వందల ఏళ్లూ వాళ్లకు గరగర. పాత ఇటుకల కింద తమ దేవుడి గంట ఒక్కటే వినబడాలని గునపాలు పట్టుకున్న వాళ్లకు కూడా అంతే. బీజాపూర్ సూఫీలు ఆడవాళ్లు తిరగలి దగ్గర పాడుకోవడానికి చక్కీనామాలు, రాట్నం దగ్గర పాడుకోవడానికి చర్ఖానామాలు దక్కనీలో అల్లారు. ఇస్లాం ఈ దక్కన్‌లో ఇళ్లలోకి వచ్చిన తోవల్లో ఆ తిరగలి చప్పుడొకటని రిచర్డ్ ఈటన్ డెబ్భైల్లోనే రాశాడు. కత్తి చప్పుడు వినాలనుకునేవాళ్లకూ, కేవలం అరబ్బీ వినాలనుకునేవాళ్లకూ తిరగలి పనికిరాదు.

సిరిసిల్లలో యంత్రం పెడితే మాత్రం ఏమీ వినబడదు. సాంచెలు. ఒక్క షెడ్డులో పది సాంచెలు ఆడుతుంటే పక్కనున్న మనిషి మాట పక్క మనిషికి అందదు. లాంకషైర్ మిల్లుల్లో ఈ మోతలోనే పెదవుల కదలికతో మాట్లాడుకునే పద్ధతొకటి పుట్టింది. సిరిసిల్లలో కూడా చెయ్యీ కన్నూ మాట్లాడతాయి. ఇక్కడి పద్మశాలీలు భీవండికి వలసపోయి, ఉత్తరాది నుంచి వచ్చిన మోమిన్, అన్సారీ నేతగాళ్ల పక్కన సాంచెలు నడిపినవాళ్లు. 1970లో, 1984లో భీవండి తగలబడింది. తిరిగొచ్చినవాళ్లు సాంచెలు తెచ్చుకున్నారు. ఆ పక్కవాడి సైగల్నీ తెచ్చుకున్నారు. అప్పుల పాలై ఉరిపోసుకున్న నేతగాళ్ల వార్తలు తొంభైల చివర్నించి ఈ ఊరి నుంచి వస్తూనే వున్నాయి. సాంచెల మోతలో వాళ్లు ఏమన్నారో ఏ యంత్రమూ పట్టదు. చాలామంది ఏమీ అనలేదు కూడా.

అనకుండా వుండటం మాకూ తెలుసు. 1992 డిసెంబర్ 6 తర్వాత మా ఇళ్లల్లో గొంతులు తగ్గాయి. పిల్లలు గట్టిగా మాట్లాడితే తల్లులు "ధీమే బోల్" అనడం మొదలుపెట్టారు. గెలిచిన క్రికెట్ మ్యాచికి గట్టిగా చప్పట్లు కొట్టాలి, ఓడిన మ్యాచికి గట్టిగా బాధపడాలి. 'పింజారీ' అని ఎవరైనా ఎవర్నో తిడుతుంటే, ఆ మాట మాలో ఒక కులం పేరని తెలిసీ ఊరుకోవాలి. యంత్రం ఆ చప్పట్లను రాసుకుంటుంది. ఊరుకోవడాన్ని ఎట్లా రాసుకుంటుంది?

కోరుట్ల నుంచి వేములవాడ మీదుగా సిరిసిల్ల పోయే బస్సులో పక్క సీటాయన పేరడుగుతాడు. మాలో కొంతమంది పెద్ద పేరులోంచి ఏ మతానికీ చెందని ముక్కొకటి తీసి చెప్తారు. చిన్న పిల్ల "అమ్మీ" అని పిలవబోయి తల్లి మొహం చూసి "అమ్మా" అంటుంది. వందేళ్ల తర్వాత ఎవరో ఆ బస్సు రేకుల్లోంచి శబ్దం లాగితే ఆ "అమ్మా" స్పష్టంగా వినబడుతుంది. ఆ బస్సులో ముస్లింలు లేరని రాసుకుంటారు. ఈలోపు ఫోను మోగుతుంది. మావాడు కిటికీ వైపు తిరిగి, అద్దానికి నోరు ఆనించి "సలామలేకుం" అంటాడు. ఇంజన్ మోతలో అది పక్క సీటు దాకా కూడా పోదు.